హేమూ అధికారి: ఆర్మీ ఆఫీసరు, ఒక్క టెస్టు కెప్టెను. తెలిసినవాళ్లు రాయండి

పాత_స్కోర్‌బుక్ (మచిలీపట్నం)
జులై 31, ఉదయం 6:40

1959 ఫిబ్రవరిలో నేను మూడో తరగతి. మా నాన్నగారు పొద్దున్నే అరుగు మీద కూర్చుని పేపర్లో టెస్టు స్కోరు పైకి చదివేవారు. "అధికారి 63" అన్నప్పుడు, ఎవరో తహసీల్దారుగారు కూడా ఆడుతున్నారని అనుకున్నాను. నాన్నగారు నవ్వి, "అది ఇంటిపేరురా. కానీ మనిషి నిజంగానే అధికారి, మిలటరీలో" అన్నారు. ఆ పేరు నాకు అప్పటి నుంచి గుర్తుండిపోయింది.

హేమచంద్ర రామచంద్ర అధికారి 1919లో ఇదే రోజు పుణెలో పుట్టారు. భారత్ తరఫున 21 టెస్టులు ఆడారు. 872 పరుగులు, ఒక సెంచరీ, సగటు 31.14. ఫస్ట్ క్లాస్‌లో 8,683 పరుగులు, 17 సెంచరీలు. చివరి టెస్టుకి కెప్టెన్. 2003 అక్టోబర్‌లో ముంబైలో పోయారు.

ఆ చివరి టెస్టు గురించే రాద్దామని ఈ చర్చ మొదలుపెట్టాను. 1958-59లో వెస్టిండీస్ ఇక్కడికి వచ్చినప్పుడు ఐదు టెస్టులకి మనకి నలుగురు కెప్టెన్లు. బొంబాయిలో పాలీ ఉమ్రీగర్. కాన్పూర్, కలకత్తాల్లో మన హైదరాబాద్ గులాం అహ్మద్. కలకత్తాలో ఇన్నింగ్స్ 336 పరుగుల తేడాతో ఓడిపోయాక ఆయన ఆటకే స్వస్తి చెప్పారు. మద్రాసుకి మళ్లీ ఉమ్రీగర్‌ని పెట్టారు. జట్టులో ఎవరిని ఆడించాలనే గొడవ ముదిరి ఆయన మ్యాచ్ ముందు రాత్రి రాజీనామా చేశారు. దాంతో వినూ మన్కడ్ టాస్‌కి వెళ్లారు. ఓడిపోయాం. అవతల వెస్ హాల్, రాయ్ గిల్‌క్రిస్ట్ నిప్పులు కురిపిస్తున్నారు. జట్టులో ఎవరికి ఎవరి మీదా నమ్మకం లేదు. ఢిల్లీలో జరిగే ఐదో టెస్టుకి అధికారిని పిలిచారు. వయసు 39. ఆ సిరీస్‌లో అంతకు ముందు ఒక్క టెస్టు కూడా ఆడలేదు.

ఆయన 63, 40 కొట్టారు. లెగ్ స్పిన్ వేసి 3 వికెట్లు తీశారు. టెస్టుల్లో ఆయనకి వచ్చిన వికెట్లు ఆ మూడే. మ్యాచ్ డ్రా. ఆ తర్వాత మళ్లీ టెస్టు ఆడలేదు.

మీకు తెలిసినవి రాయండి.

---

రాజమండ్రి_యార్కర్
జులై 31, ఉదయం 8:15

మాస్టారూ, మీ పోస్టులు ఇష్టంగా చదువుతాను, కాబట్టి అడుగుతున్నాను, ఏమీ అనుకోకండి. సగటు 31, ఒక్క సెంచరీ, కెప్టెన్‌గా ఒక్క డ్రా. ఇలాంటి రికార్డు ఉన్నవాళ్లు మన దేశంలో చాలామందే ఉన్నారు కదా? ఆర్మీలో ఉన్నారు కాబట్టి గౌరవం ఇస్తున్నామా, లేక క్రికెటర్‌గా నిజంగా గొప్పవారా? ధోనీకి కూడా లెఫ్టినెంట్ కల్నల్ హోదా ఉంది, 2011లో ఇచ్చారు. కపిల్‌కి 2008లో ఇచ్చారు. ఈయనదీ అలాంటిదేనా?

---

మాధవరం_మాజీ_సైనికుడు
జులై 31, ఉదయం 9:02

తమ్ముడూ, చివరి ప్రశ్నకి నేను చెబుతాను. కపిల్‌దేవ్‌కీ ధోనీకీ ఇచ్చినవి టెరిటోరియల్ ఆర్మీలో గౌరవ హోదాలు. వాటిని తక్కువ చేయను. ధోనీ పారా జంపులు చేశాడు, యూనిట్‌తో కలిసి ఉన్నాడు, జవాన్లకి అది పండగ. కానీ అధికారి గారి సంగతి వేరు. ఆయనకి ఆర్మీ ఉద్యోగం. నెల తిరిగితే జీతం అక్కడి నుంచే. పోస్టింగు ఎక్కడ వేస్తే అక్కడికి ట్రంకుపెట్టె సర్దుకుని వెళ్లాలి. టెస్టు ఆడాలన్నా పైనుంచి అనుమతి రావాలి.

నేను ఆర్టిలరీలో 22 ఏళ్లు చేశాను. శిక్షణ గోల్కొండ సెంటర్లోనే. మా మాధవరంలో దాదాపు ప్రతి ఇంటికీ ఫౌజుతో సంబంధం ఉంది, మీలో చాలామందికి తెలిసే ఉంటుంది. యూనిట్ తరఫున నేనూ క్రికెట్ ఆడాను కాబట్టి ఒక విషయం చెబుతాను. ఫుట్‌బాల్, హాకీ, బాక్సింగ్ అంటే యూనిట్‌లో పోటీలు పడి ఆడతారు. సాయంత్రం గంటన్నరలో అయిపోతాయి. క్రికెట్‌కి రోజంతా కావాలి, కిట్టు కావాలి, పిచ్ కావాలి. పొద్దున పీటీ, పరేడ్, గన్ డ్రిల్లు అయ్యాక మిగిలిన టైంలోనే నెట్స్. ఆ మిగిలిన టైంలో ఆడి టెస్టు స్థాయికి చేరడం ఎంత కష్టమో ఆడినవాడికే తెలుస్తుంది.

---

ఫౌజీ_కూతురు (సైనిక్‌పురి)
జులై 31, ఉదయం 10:30

మాధవరం బాబాయ్ రాసింది చదువుతుంటే మా ఇల్లు గుర్తొచ్చింది. మా నాన్న ఆఫీసర్. పన్నెండో తరగతి అయ్యేసరికి నేను ఎనిమిది స్కూళ్లు మారాను. నాన్న బాగా ఆడేవారు, రంజీ దాకా వెళ్తారని అందరూ అనేవారు. ఒక సీజన్లో బాగా ఆడి పేరు వచ్చేలోపు పోస్టింగు వచ్చేది. కొత్త చోట మళ్లీ మొదటి నుంచి. చివరికి బ్యాటు అటక మీదకి వెళ్లింది. ఆయన దాని గురించి ఎప్పుడూ బాధగా మాట్లాడలేదు, కానీ ప్రతి ఇల్లు మారినప్పుడూ ఆ బ్యాటుని ఆయనే స్వయంగా గుడ్డలో చుట్టి సర్దేవారు.

అందుకే అంకెల దగ్గరే ఆగిపోవద్దని నా మనవి. 31 సగటు వెనక ఎన్ని ఏళ్లు ఆట లేకుండా గడిచాయో కూడా చూడాలి.

---

పాత_స్కోర్‌బుక్
జులై 31, మధ్యాహ్నం 12:10

అమ్మా, సరిగ్గా పట్టుకున్నారు. యార్కర్ బాబూ, ఈ లెక్క చూడు.

అధికారి ఫస్ట్ క్లాస్ క్రికెట్‌లోకి వచ్చింది 1936-37లో, 17 ఏళ్లకి. భారత్ 1936 ఆగస్టులో ఇంగ్లండ్‌లో ఆడిన టెస్టు తర్వాత మళ్లీ టెస్టు ఆడింది 1946 జూన్‌లో. మధ్యలో ప్రపంచ యుద్ధం. పదేళ్లు టెస్టే లేదు. బ్యాట్స్‌మన్‌కి 18 నుంచి 27 దాకా అంటే కండలో బలం, కంటిలో చురుకు ఉండే వయసు. అదంతా అలా పోయింది. మొదటి టెస్టు 1947 నవంబర్‌లో బ్రిస్బేన్‌లో, 28 ఏళ్లు నిండాక. అదీ వాన పడ్డ పిచ్ మీద. భారత్ 58కీ 98కీ ఆలౌట్.

ఆ టెస్టు నుంచి 1959 ఢిల్లీ టెస్టు దాకా భారత్ ఆడినవి 47 టెస్టులు. నేను ఒక్కో సిరీస్ కూడుకుంటూ లెక్కపెట్టాను. అందులో ఆయన ఆడినవి 21.

ఆ ఆస్ట్రేలియా పర్యటనలోనే అడిలైడ్ టెస్టులో విజయ్ హజారే రెండు ఇన్నింగ్స్‌లలోనూ సెంచరీలు చేశారు, 116, 145. అది అందరికీ గుర్తే. రెండో ఇన్నింగ్స్‌లో లిండ్‌వాల్ 7 వికెట్లు తీస్తుంటే హజారేకి తోడు నిలబడింది ఎవరు? అధికారి, 51. ఏడో వికెట్‌కి ఇద్దరూ 132 జోడించారు. ఆయన ఆట ఎక్కడ చూసినా ఇలాగే కనిపిస్తుంది, పక్కవాడు పెద్ద స్కోరు చేస్తుంటే ఇటు చివర గోడలా నిలబడటం.

---

మాధవరం_మాజీ_సైనికుడు
జులై 31, మధ్యాహ్నం 12:45

మాస్టారు గారూ, ఒక్క చిన్న సవరణ. మిగతా 26 టెస్టులూ ఆర్మీ వల్లే పోయాయని ఎవరూ అనుకోకూడదు. సెలెక్టర్లు పక్కన పెట్టినవీ ఉంటాయి. ఫౌజు ఆటగాళ్లని ఆపుతుందనే మాట తరచూ వింటాను, అందుకే చెబుతున్నాను. ఆడేవాడికి ఫౌజు ఇచ్చేది కూడా చాలా ఉంది. తిండి, ఒంటి దృఢత్వం, రిటైరయ్యాక పెన్షన్. ఆ రోజుల్లో టెస్టు ఆడితే వచ్చే డబ్బుతో ఇల్లు గడవదు కదా.

సర్వీసెస్ జట్టు రంజీలోకి వచ్చింది 1949-50లో. ఆర్మీ, నేవీ, ఎయిర్‌ఫోర్స్ కలిపి ఒకే జట్టు. ఆఫీసర్, జేసీఓ (జవాన్‌కీ ఆఫీసర్‌కీ మధ్య హోదా), జవాన్ అందరూ ఒకే డ్రెస్సింగ్ రూంలో. బయట సెల్యూట్ కొట్టేవాడు లోపల క్యాచ్ వదిలేసిన ఆఫీసర్ని "పట్టుకోండి సాబ్!" అని కేకేసేవాడు. నేను ఆడిన చిన్న స్థాయిలో కూడా అలాగే ఉండేది. అధికారి గారి కెప్టెన్సీలో ఆ జట్టు 1956-57, 1957-58 వరుసగా రెండేళ్లు రంజీ ఫైనల్‌కి వెళ్లింది. ఒకసారి బొంబాయి చేతిలో, ఒకసారి బరోడా చేతిలో ఓడింది. ఇప్పటిదాకా సర్వీసెస్ రంజీ గెలవలేదు. అంటే ఆ రెండేళ్లు ఎలాంటివో ఆలోచించండి.

---

సౌతాంప్టన్_తెలుగు
జులై 31, సాయంత్రం 5:20

కొంచెం పక్కదారి పడతాను, క్షమించాలి. నేను ఉండేది హాంప్‌షైర్‌లో. ఇక్కడి క్రికెట్ చరిత్రలో మిలటరీ ఆఫీసర్లు చాలామంది. అందులో మేజర్ రాబర్ట్ పూర్ ఒకరు. ఆయన క్రికెట్ గట్టిగా నేర్చుకున్నది భారత్‌లో పోస్టింగులో ఉన్నప్పుడే. 1899లో టాంటన్‌లో సోమర్‌సెట్ మీద 304 కొట్టారు. ఆరో వికెట్‌కి ఇంకో ఆర్మీ ఆఫీసర్ కెప్టెన్ టెడ్డీ విన్యార్డ్‌తో కలిసి 411 పరుగులు. ఆ సీజన్లో ఆయన సగటు 91 దాటింది. 1930లో బ్రాడ్‌మన్ వచ్చేదాకా ఇంగ్లండ్‌లో దాన్ని ఎవరూ దాటలేదు. ఆ వేసవి అయ్యాక బోయర్ యుద్ధానికి వెళ్లిపోయారు.

వీళ్లని ఇక్కడ "అమెచ్యూర్లు" అంటారు, అంటే డబ్బు తీసుకోకుండా ఆడేవాళ్లు. స్కోరు కార్డులో పేరు రాసే తీరు కూడా ప్రొఫెషనల్‌కి వేరు, అమెచ్యూర్‌కి వేరు. కొన్ని మైదానాల్లో లోపలికి వచ్చే గేటు కూడా వేరే. 1962 నవంబర్లో ఆ తేడా ఎత్తేశారు. మన దేశంలో చట్టంలాగా అలాంటి గీత లేదు. మరి అధికారిని ఏమనాలి?

---

లాలాపేట_లెగ్‌స్పిన్
జులై 31, సాయంత్రం 6:05

దానికి 1952 ఇంగ్లండ్ పర్యటనే సమాధానం అనుకుంటా. వినూ మన్కడ్ అప్పుడు లాంకషైర్ లీగ్‌లో హాస్లింగ్‌డెన్ క్లబ్‌కి ప్రొఫెషనల్. "టెస్టులకి నన్ను తప్పకుండా తీసుకుంటామని మాట ఇస్తే ఆ ఒప్పందం వదులుకుంటా" అన్నది ఆయన పక్షం. బోర్డు ఇవ్వలేదు. మొదటి టెస్టు ఓడాక క్లబ్‌ని బతిమాలి లార్డ్స్‌కి తెచ్చుకున్నారు. వచ్చి 72, 184 కొట్టి, ఒక ఇన్నింగ్స్‌లో 5 వికెట్లు తీశారు.

ఆ లార్డ్స్ జట్టులోనే అధికారి కూడా ఉన్నారు. చూడండి, ఒకే జట్టులో ఒకరు ఆటే జీవనంగా బతుకుతున్నారు, ఇంకొకరికి ఆట మీద ఆధారపడే అవసరం లేదు. మన్కడ్ డబ్బు అడిగితే అప్పట్లో ఎంతోమంది ముఖం చిట్లించారు. నాకైతే మన్కడ్ అడిగిందే న్యాయం అనిపిస్తుంది. అధికారికి ఆ బాధ రాకపోవడానికి కారణం ఆయన దగ్గర ఆర్మీ జీతం ఉండటం. ఆ తేడా చూడకుండా ఒకరిని త్యాగమూర్తి అనీ, ఇంకొకరిని డబ్బు మనిషి అనీ అనడం నాకు నచ్చదు.

---

పాత_స్కోర్‌బుక్
జులై 31, సాయంత్రం 6:40

చాలా బాగా చెప్పారు. పూర్తిగా ఒప్పుకుంటాను.

---

రాజమండ్రి_యార్కర్
జులై 31, రాత్రి 8:30

పొద్దున నేను అడిగిన తీరు కొంచెం దురుసుగా ఉందేమో. ఇప్పుడు అర్థమవుతోంది. అయితే ఇంకో సందేహం. మన సీకే నాయుడు గారిని కూడా కల్నల్ అంటారు కదా. ఆయనా ఇలాగే ఆర్మీ ఆఫీసరేనా? ఆయన మూలాలు మచిలీపట్నం అని విన్నాను. స్కోర్‌బుక్ మాస్టారు అక్కడివారే కాబట్టి అడుగుతున్నా.

---

పాత_స్కోర్‌బుక్
జులై 31, రాత్రి 9:15

అవును, కొఠారి (సీకే ఇంటిపేరు) వారిది ఈ ప్రాంతపు కుటుంబమే. సీకే పుట్టింది మాత్రం నాగపూర్‌లో, 1895లో. 1932లో లార్డ్స్‌లో భారత్ తొలి టెస్టుకి కెప్టెన్. అంతకు ముందు 1926లో బొంబాయి జింఖానాలో ఇంగ్లండ్ నుంచి వచ్చిన ఎంసీసీ జట్టు మీద 153 కొట్టారు, 11 సిక్సర్లతో. ఈ ఊళ్లో ఆ ఇన్నింగ్స్ గురించి తెలియని పెద్దవాళ్లు నా చిన్నప్పుడు ఉండేవారు కాదు.

ఇక కల్నల్ సంగతి. ఇండోర్ హోల్కర్ మహారాజా ఆయన్ని తన సంస్థానానికి పిలిపించి, సంస్థాన సైన్యంలో కెప్టెన్ హోదా ఇచ్చారు. తర్వాత కల్నల్ అయ్యారు. అప్పట్లో సంస్థానాలకి సొంత సైన్యాలు ఉండేవి. ఆటగాళ్లని నిలబెట్టుకోవడానికి రాజులు వాళ్లకి కొలువులు ఇచ్చేవారు. అధికారి చేసింది స్వతంత్ర భారత సైన్యంలో ఉద్యోగం. రెండూ ఒకటి కావు.

అయితే ఇద్దరి దారులూ ఒకచోట కలుస్తాయి. 1946-47 రంజీ ఫైనల్ బరోడాకీ హోల్కర్‌కీ మధ్య. హజారే, గుల్ మహమ్మద్ నాలుగో వికెట్‌కి 577 పరుగులు జోడించిన మ్యాచ్ అది. హోల్కర్ కెప్టెన్ సీకే, అప్పటికి యాభై దాటిన మనిషి. అధికారి ఆ రోజుల్లో బరోడా ఆటగాడు.

---

లాలాపేట_లెగ్‌స్పిన్
ఆగస్టు 1, ఉదయం 7:20

గులాం అహ్మద్ పేరు వచ్చాక హైదరాబాద్ వాణ్ణి ఊరుకోలేను. 1952 అక్టోబర్, ఢిల్లీ ఫిరోజ్‌షా కోట్లా. పాకిస్థాన్ ఆడిన మొట్టమొదటి టెస్టు. దేశం విడిపోయి ఐదేళ్లే. అవతలి కెప్టెన్ కర్దార్ అంతకు ముందు భారత్‌కి కూడా ఆడినవాడు. మన స్కోరు 263 దగ్గర తొమ్మిదో వికెట్ పడింది. క్రీజులో అధికారి. చివరి బ్యాట్స్‌మన్‌గా గులాం అహ్మద్ దిగారు.

ఇద్దరూ కలిసి 109 జోడించారు. గులాం అహ్మద్ 50, అధికారి 81 నాటౌట్. భారత్ 372. తర్వాత మన్కడ్ 8, 5 మొత్తం 13 వికెట్లు తీసి ఇన్నింగ్స్ 70 పరుగులతో గెలిపించారు. పేరు మన్కడ్‌కి వచ్చింది, రావాల్సిందే. కానీ ఆ 109 తీసేస్తే ఇన్నింగ్స్ విజయం లేదు.

చివరి వికెట్‌కి భారత్ తరఫున ఆ 109 రికార్డు 52 ఏళ్లు నిలిచింది. 2004లో ఢాకాలో సచిన్, జహీర్ ఖాన్ 133 జోడించేదాకా.

టెయిలెండర్‌తో, అంటే చివర్లో దిగే బౌలర్‌తో కలిసి ఆడటం ఒక విద్య. ఓవర్ చివరి బంతికి సింగిల్ తీయాలి, మొదటి బంతులకి తీయకూడదు. అవతలివాణ్ణి కంగారు పెట్టకూడదు. క్లబ్ క్రికెట్‌లో పదేళ్లుగా ప్రయత్నిస్తున్నాను, సగం సార్లు రనౌటే.

---

ఫౌజీ_కూతురు
ఆగస్టు 1, ఉదయం 9:10

మా తాతయ్యకి (అమ్మ వాళ్ల నాన్న) ఇప్పుడు 87. హైదరాబాద్‌లోనే పుట్టి పెరిగారు, గులాం అహ్మద్ అంటే ప్రాణం. ఈ చర్చ ఆయనకి సాయంత్రం చదివి వినిపిస్తాను.

నేను గమనించిన ఒకటి చెబుతాను. అధికారి గారి ఒకే ఒక్క టెస్టు సెంచరీ కూడా ఇలాంటి పరిస్థితిలోనే. 1948 నవంబర్, ఢిల్లీలో జరిగిన మొదటి టెస్టు మ్యాచ్. వెస్టిండీస్ 631. వాల్కాట్, గోమెజ్, వీక్స్, క్రిస్టియానీ, నలుగురు సెంచరీలు. మనవాళ్లు 454కి ఆలౌట్ అయి ఫాలో-ఆన్ (వెంటనే మళ్లీ బ్యాటింగ్) ఆడారు, కానీ మ్యాచ్ కాపాడుకున్నారు. ఆ 454లో అధికారి 114 నాటౌట్. మళ్లీ నాటౌటే! 36 ఇన్నింగ్స్‌లో 8 సార్లు నాటౌట్.

---

రాజమండ్రి_యార్కర్
ఆగస్టు 1, ఉదయం 11:40

నేను కూడా కొంత చదివి వచ్చాను. 1971లో ఇంగ్లండ్‌లో మొదటిసారి సిరీస్ గెలిచిన జట్టుకి మేనేజర్ ఈయనే! నాకు ఇది అసలు తెలియదు. కెప్టెన్ వాడేకర్, ఓవల్‌లో చంద్రశేఖర్ 6/38, ఇంగ్లండ్ 101 ఆలౌట్, ఇవే తెలుసు.

కానీ ఇంకోటి కూడా కనిపించింది. 1974లో ఇంగ్లండ్ వెళ్లి 0-3తో ఓడిన జట్టుకీ ఆయనే మేనేజర్. లార్డ్స్‌లో 42 ఆలౌట్. మరి 1971 క్రెడిట్ ఇస్తే 1974 కూడా ఆయన ఖాతాలోనే వేయాలి కదా? నిజాయితీగా అడుగుతున్నాను.

---

లాలాపేట_లెగ్‌స్పిన్
ఆగస్టు 1, మధ్యాహ్నం 1:15

వేయాలి. దాచాల్సిన పని లేదు. 1974లో చలి, తడి పిచ్‌లు, జట్టు లోపల తగాదాలు. మిలటరీ తరహా క్రమశిక్షణ గెలుస్తున్న జట్టుకి బలం, చెదిరిన జట్టుకి అదే ఇంకో భారం అయి ఉండొచ్చని నా అభిప్రాయం. ఆటగాళ్లు కూడా మారారు, కాలమూ మారింది.

కానీ 1971 సంగతి విడిగా చెప్పుకోవాలి. ఆయన తన రోజుల్లో కవర్స్‌లో పేరున్న ఫీల్డర్. అప్పటిదాకా మన జట్లకి ఫీల్డింగ్ అంటే బ్యాటింగ్, బౌలింగ్ అయ్యాక మిగిలిన పని. ఆయన మేనేజర్‌గా క్యాచింగ్ ప్రాక్టీసూ, ఒంటి దృఢత్వమూ ముందు పెట్టారు. ఆ స్పిన్నర్ల బలమంతా క్యాచ్‌ల మీదే ఆధారపడి ఉంది. బేడీ, చంద్ర, వెంకట్ ఎంత బాగా వేసినా, దగ్గర నిలబడి పట్టేవాడు లేకపోతే ఏం లాభం? ఓవల్‌లో షార్ట్ లెగ్‌లో ఏక్‌నాథ్ సోల్కర్ అలన్ నాట్ క్యాచ్‌ని ముందుకు దూకి నేలకి ఇంచు పైన పట్టిన దృశ్యం ఒక్కసారి చూడండి.

ఇక మన హైదరాబాదీ సయ్యద్ ఆబిద్ అలీ. ఒంటి దృఢత్వానికి అప్పటి భారత జట్టులో ఆయనే గుర్తు. మాంచెస్టర్‌లో 4 వికెట్లు తీశాడు. ఓవల్‌లో 173 లక్ష్యం. ఆగస్టు 24, వినాయక చవితి రోజు. లక్‌హర్స్ట్ బంతిని స్క్వేర్ కట్ చేసి గెలుపు బౌండరీ కొట్టింది ఆబిద్ అలీనే. 26 టెస్టులుగా ఓడని ఇంగ్లండ్ ఓడింది. ఆబిద్ భాయ్ 2025 మార్చిలో అమెరికాలో పోయారు. ఆ రోజు మా క్లబ్‌లో రెండు నిమిషాలు మౌనం పాటించాం.

---

సౌతాంప్టన్_తెలుగు
ఆగస్టు 1, సాయంత్రం 4:50

ఓవల్‌లో చివరి రోజు పొద్దున మొదట్లోనే వాడేకర్ 45 దగ్గర రనౌట్. ఆయన లోపలికి వెళ్లి పడుకున్నాడు, ఇంగ్లండ్ మాజీ బ్యాట్స్‌మన్ కెన్ బారింగ్టన్ వచ్చి లేపి, గెలిచారని చెప్పాడు. ఇక్కడ పాతతరం భారతీయులు ఇప్పటికీ ఈ కథ చెప్పుకుంటారు. ఆ రోజు మైదానంలోకి ఏనుగుని కూడా తెచ్చారు, దాని పేరు బెల్లా.

నిన్నటి నా ప్రశ్నకి సమాధానం దొరికింది. లాలాపేట అన్నకి ధన్యవాదాలు.

---

మాధవరం_మాజీ_సైనికుడు
ఆగస్టు 1, సాయంత్రం 6:30

యార్కర్ తమ్ముడు 1974 అడిగినందుకు నాకు సంతోషంగా ఉంది. ఫౌజులో గెలిచిన ఎక్సర్‌సైజ్ అయినా, దెబ్బతిన్న ఎక్సర్‌సైజ్ అయినా రిపోర్టు కింద సంతకం కమాండర్‌దే. అధికారి గారు దాన్నుంచి తప్పుకునే మనిషి కాదని నా నమ్మకం.

1959 ఢిల్లీ మీద ఇంకో మాట. ఆ సిరీస్‌లో సర్వీసెస్ నుంచి సురేంద్రనాథ్, అపూర్వ సేన్‌గుప్తా కూడా కొత్తగా టెస్టులు ఆడారు. సేన్‌గుప్తా గారికి మద్రాసులో ఆడిన ఆ ఒక్క టెస్టే. తర్వాత లెఫ్టినెంట్ జనరల్ దాకా వెళ్లారు. అధికారి గారి సర్వీసెస్ జట్టు ఎలాంటి మనుషుల్ని తయారు చేసిందో ఇక్కడ కనిపిస్తుంది.

నాకు ఢిల్లీ టెస్టు ఎందుకు ఇష్టమంటే, యూనిట్‌లో గొడవలున్నప్పుడు బయటి నుంచి కొత్త ఆఫీసర్ని పంపుతారు. అతను ఎవరి పక్షమూ కాదు. వచ్చిన రోజే పెద్ద ఉపన్యాసం ఇవ్వడు. పొద్దున ఫాల్-ఇన్‌కి (వరుసలో హాజరుకి) అందరికన్నా ముందు వచ్చి నిలబడతాడు. నేను అలాంటి ఇద్దర్ని చూశాను. గిల్‌క్రిస్ట్, హాల్ ముందు 39 ఏళ్ల వయసులో 63, 40 కొట్టడం అలాంటిదే. ఆ మ్యాచ్‌లో చందూ బోర్డే 109 కొట్టి, రెండో ఇన్నింగ్స్‌లో 96 దగ్గర హిట్ వికెట్ అయ్యాడు. కాంట్రాక్టర్ 92. రమాకాంత్ దేశాయి మొదటి టెస్టు, 4 వికెట్లు. వెస్టిండీస్ 644 చేసినా మనవాళ్లు చెదరలేదు. మద్రాసులో చెదిరిన జట్టేనా ఇది అనిపిస్తుంది.

---

రాజమండ్రి_యార్కర్
ఆగస్టు 1, రాత్రి 10:05

మా కాలేజీ జట్టుకి ఈ ఏడాది నేనే కెప్టెన్. మేము రోజూ రెండు గంటలు నెట్స్ చేస్తాం, ఫీల్డింగ్‌కి చివర్లో పది నిమిషాలు. అదీ సగం మంది వెళ్లిపోయాక. పోయిన నెల సెమీఫైనల్లో ఐదు క్యాచ్‌లు వదిలాం, అందులో రెండు నావే. ఆ టెన్షన్‌లో బౌలర్ల మీద అరిచాను కూడా.

రేపటి నుంచి ఫీల్డింగ్ ముందు, నెట్స్ తర్వాత. పొద్దున ఐదున్నరకి నేను మొదట వెళ్తాను. మాధవరం బాబాయ్, దగ్గర క్యాచింగ్‌కి మీరు యూనిట్‌లో ఏం చేయించేవారో రాయగలరా?

---

మాధవరం_మాజీ_సైనికుడు
ఆగస్టు 2, ఉదయం 4:55

తప్పకుండా తమ్ముడూ. ఇద్దరిద్దరు ఐదడుగుల దూరంలో మోకాళ్ల మీద కూర్చోండి. ఒకడు కింద చేత్తో బంతి విసరాలి, అవతలివాడు ఎడమ చేత్తో మాత్రమే పట్టాలి. వంద అయ్యాక కుడి చేయి. తడి బంతితో కూడా చేయించు, ఆగస్టు కదా, మైదానం తడిగానే ఉంటుంది. వదిలేసినవాణ్ణి తిట్టొద్దు, ఇంకో పది విసురు. మూడు వారాలు చేసి ఇక్కడ రాయి.

---

ఫౌజీ_కూతురు
ఆగస్టు 2, రాత్రి 9:40

నిన్న సాయంత్రం తాతయ్యకి మొదటి నుంచి చదివి వినిపించాను. కళ్లు మూసుకుని విన్నారు, నిద్రపోయారేమో అనుకున్నాను. 1952 ఢిల్లీ దగ్గరికి వచ్చాక, "చివరి వికెట్‌కి ఇద్దరూ కలిసి..." అని ఊపిరి తీసుకోవడానికి ఆగాను.

"నూట తొమ్మిది" అన్నారు కళ్లు తెరవకుండానే. ఆ రోజు ఆయనకి పద్నాలుగేళ్లు. ఆబిడ్స్‌లో ఒక ఇరానీ హోటల్ గోడకి ఎవరో స్కోరు రాసి పెట్టారట. గులాం అహ్మద్ యాభై అని చూసి సైకిల్ అక్కడే వదిలేసి ఇంటికి పరుగెత్తారట. సైకిల్ మర్చిపోయిన సంగతి రాత్రికి గానీ గుర్తురాలేదట.

"అవతల ఆ మిలటరీ ఆయన ఉన్నాడు కాబట్టి మనవాడు యాభై కొట్టాడు" అన్నారు. తర్వాత "అతను ఎనభై ఒకటి, నాటౌట్" అని, మిగతాది చదవమన్నారు.